168ని కాపాడిన సాయంకాలం

1963 సెప్టెంబరు 7, లార్డ్స్ మైదానం. ఇంగ్లండ్ కౌంటీల జిల్లెట్ కప్పు తొలి ఫైనల్. మొదట బ్యాటింగ్‌కి దిగిన ససెక్స్ 60.2 ఓవర్లలో 168 పరుగులకు ఆలౌటైంది. వూస్టర్‌షైర్ 63.2 ఓవర్లు ఆడి 154 దగ్గర ఆగిపోయింది. తేడా 14 పరుగులు. ఇప్పటి కుర్రాళ్లకు ఈ అంకెలు చూపిస్తే పెదవి విరుస్తారు. ఓవర్‌కి మూడు పరుగులైనా రాని ఆటలో చూడటానికేముందని అడుగుతారు. నాకైతే పరిమిత ఓవర్ల క్రికెట్ మొత్తంలో ఇంతకు మించిన అందమైన స్కోరుకార్డు ఇంతవరకూ కంటబడలేదు. మంచి పద్యం చదివినట్టు దాన్ని పైనుంచి కిందికి చదువుకుంటాను. బ్యాటింగ్ వరసలో ఒక్క సెంచరీ లేదు, ఆ లోటూ తెలియదు. బౌలింగ్ వరస దగ్గరికి వచ్చేసరికి మాత్రం కళ్లు ముందుకు కదలవు.

ఈ మాట ఢిల్లీలో కూర్చుని రాయడానికి ఒక కారణం ఉంది. ఆ సాయంకాలం లార్డ్స్‌లో పుట్టిన కళ సరిగ్గా ఇరవై ఏళ్లకు అదే పచ్చిక మీద ప్రపంచ కప్పు గెలిచింది. దాన్ని గెలిచిన బౌలర్లలో ముగ్గురు మా ఫిరోజ్‌షా కోట్లా మైదానంలో ఢిల్లీ తరఫున ఆడినవాళ్లు. వాళ్లకంటే ముందే ఇంకో ఢిల్లీ మనిషి, రంగురంగుల పట్కా చుట్టుకున్న సర్దార్జీ, ఆ ఇంగ్లిష్ కప్పునే గెలుచుకొచ్చాడు. ఈ కథనంతా ఒకే దారంతో గుచ్చవచ్చు. ఆ దారం పేరు ఆపడం. పరుగును ఆపడం, బ్యాట్స్‌మన్ చేతిని ఆపడం, కాలాన్ని ఆపడం.

అసలు ఈ పోటీ పుట్టిందే బెంగతో. రెండో ప్రపంచ యుద్ధం ముగిసిన కొత్తల్లో ఇంగ్లండ్ కౌంటీ మ్యాచులకు ఏడాదికి ఇరవై లక్షల దాకా జనం వచ్చేవారు. అరవయ్యో దశకం మొదలయ్యేనాటికి ఆ సంఖ్య పది లక్షలకు దిగువన పడిపోయింది. మూడు రోజుల మ్యాచ్ చూసే తీరిక జనానికి లేదు, ఉన్నవాళ్లకు కార్లు, టీవీలు వచ్చాయి. లెస్టర్‌షైర్ కార్యదర్శి మైక్ టర్నర్ 1962 మే నెలలో పొరుగు కౌంటీలు మూడింటిని పిలిచి, ఒక్కరోజులో తేలిపోయే నాకౌట్ పోటీ పెట్టాడు. లెస్టర్‌షైర్, డెర్బీషైర్, నాటింగమ్‌షైర్, నార్తాంప్టన్‌షైర్ ఆడాయి. ఒకేరోజు రెండు సెమీఫైనళ్లు, వారం తర్వాత ఫైనల్. గెలిచింది నార్తాంప్టన్‌షైర్. ఈ కౌంటీ పేరు గుర్తుంచుకోండి, ఢిల్లీ కథలో మళ్లీ వస్తుంది.

మరుసటి ఏడాది రేజరు బ్లేళ్ల కంపెనీ జిల్లెట్ డబ్బు పెట్టింది, పదిహేడు ఫస్ట్‌క్లాస్ కౌంటీలూ దిగాయి. జట్టుకు 65 ఓవర్లు, ఒక్కో బౌలర్‌కి 15 ఓవర్ల గరిష్ఠ పరిమితి. పదిహేడు జట్లు కాబట్టి ముందుగా ఒక మ్యాచ్ అదనంగా ఆడించాల్సి వచ్చింది. 1963 మే 1న మాంచెస్టర్‌లోని ఓల్డ్ ట్రాఫర్డ్‌లో లాంకాషైర్, లెస్టర్‌షైర్ తలపడ్డాయి. ఒక్కరోజు ఆటగా మొదలైన మొట్టమొదటి మ్యాచ్ వానవల్ల రెండో రోజుకు సాగింది. లాంకాషైర్ ఆటగాడు పీటర్ మార్నర్ 121 పరుగులు చేసి ఈ పోటీలో తొలి సెంచరీ కొట్టినవాడయ్యాడు. లాంకాషైర్ 300 దాటింది, 101 పరుగులతో గెలిచింది. చూస్తే ఇదంతా బ్యాట్స్‌మన్ల పండగే అనిపిస్తుంది. పెద్దలంతా అలాగే అనుకున్నారు. ఓవర్లు లెక్కపెడితే బ్యాట్స్‌మన్లు బాదుతారు, బాదితే జనం వస్తారు అన్నదే లెక్క.

ఆ లెక్కను తిరగేసి చదివినవాడు ససెక్స్ కెప్టెన్ టెడ్ డెక్స్టర్.

డెక్స్టర్ స్వతహాగా దూకుడు మనిషి. ఆ వేసవిలోనే లార్డ్స్ టెస్టులో వెస్టిండీస్ ఫాస్ట్ బౌలర్లు హాల్, గ్రిఫిత్‌ల మీద అతను చేసిన 70 పరుగుల గురించి పాతవాళ్లు ఇప్పటికీ తన్మయులై మాట్లాడతారు. అలాంటి బ్యాట్స్‌మన్ కెప్టెన్‌గా కూర్చుని ఆలోచించినప్పుడు అతనికి తట్టింది బౌలర్ల వైపు నుంచి. మూడు రోజుల ఆటలో ప్రత్యర్థిని ఆలౌట్ చేయకపోతే గెలుపు లేదు. ఇక్కడ ఆలౌట్ చేయనక్కర్లేదు, 390 బంతులు గడిచిపోతే చాలు. వికెట్ కోసం స్లిప్పులో నలుగురిని నిలబెట్టి ఖాళీలు వదలడం కన్నా, ఆ నలుగురినీ పరుగులు పారే దారుల్లో నిలబెడితే బ్యాట్స్‌మనే వచ్చి వికెట్ ఇచ్చిపోతాడు. నేడు గల్లీ క్రికెట్ ఆడే పిల్లాడికి కూడా తెలిసిన ఈ సంగతిని ఆనాడు ఒక మనిషి మొదటిసారి కనిపెట్టాల్సి వచ్చింది. ఫైనల్ చివర్లో ఫీల్డర్లను బౌండరీ గీత దాకా పంపేసినప్పుడు పాతకాలపు విమర్శకులు కొందరు ముఖం చిట్లించారు. పిరికి ఎత్తు అన్నారు. నేను ఒప్పుకోను. వెనక్కి జరిగిన ఆ ఫీల్డర్లలో ప్రతివాడూ ఒక ప్రశ్న. ఇటు కొడతావా? ఒక్క పరుగే. అటు కొడతావా? అక్కడా ఒక్కటే. గాలిలో లేపుతావా? నీ ఇష్టం.

ఆ ఫైనల్‌కి టికెట్లన్నీ ముందే అమ్ముడుపోయాయి. పాతిక వేల దాకా జనం. జట్ల పాటలు, గోల, రంగు తోరణాలు. లార్డ్స్ పెవిలియన్‌కి ఇవన్నీ కొత్త. పిచ్ తడి తడిగా ఉంది. వూస్టర్‌షైర్ ఎడమచేతి స్పిన్నర్ నార్మన్ గిఫర్డ్, అప్పటికి ఇరవై మూడేళ్లవాడు, 33 పరుగులకు 4 వికెట్లు తీశాడు. ససెక్స్ వికెట్‌కీపర్ జిమ్ పార్క్స్ 57 చేయకపోతే 168 కూడా వచ్చేవి కావు. మ్యాన్ ఆఫ్ ద మ్యాచ్‌గా గిఫర్డ్‌నే ఎంచారు. ఓడిన జట్టు బౌలర్‌కి ఇచ్చిన ఆ గౌరవం నాకు చాలా నచ్చుతుంది. ఈ కొత్త పోటీ తొలి ఫైనల్ తన తలపాగాను బౌలర్ తలకే చుట్టింది.

వూస్టర్‌షైర్‌కి కావలసింది 65 ఓవర్లలో 169, అంటే ఓవర్‌కి రెండున్నర చిల్లర. డాన్ కెన్యన్ కెప్టెన్, బ్యాటింగ్‌లో టామ్ గ్రేవ్నీ లాంటి సొగసరి. మరుసటి ఏడాది కౌంటీ చాంపియన్‌షిప్ గెలవబోతున్న జట్టు అది. ఇక్కడ ఆలన్ ఓక్‌మన్ చేతికి బంతి ఇచ్చాడు డెక్స్టర్.

ఓక్‌మన్ ఆరడుగుల అయిదంగుళాల మనిషి. 1956లో జిమ్ లేకర్ ఆస్ట్రేలియా మీద 19 వికెట్లు తీసిన టెస్టులో అయిదు క్యాచులు పట్టినవాడుగానే చరిత్ర అతన్ని ఎక్కువ గుర్తుపెట్టుకుంది. ఆ ఎత్తు నుంచి నెమ్మదిగా వచ్చే ఆఫ్‌స్పిన్. తడి పిచ్ మీద బంతి పడి కాస్త ఆగి వస్తుంది. బ్యాట్స్‌మన్ ముందుకు వస్తే అందదు, వెనక్కి వెళితే సమయం చాలదు. అతను వేసింది 13 ఓవర్లు, నాలుగు మెయిడెన్లు, ఇచ్చింది 17 పరుగులు, ఒక వికెట్. 78 బంతులకు 17 పరుగులు! వికెట్ల లెక్కలో చూస్తే అనామకమైన బౌలింగ్. కానీ ఆట ఊపిరంతా ఆ 13 ఓవర్లలోనే ఉంది. అతను బంతి వేసిన ప్రతిసారీ అవతల కావలసిన పరుగుల సగటు వెంట్రుకవాసి పెరుగుతుంది. ఆ పెరుగుదల కంటికి కనబడదు, బ్యాట్స్‌మన్ ఒంటి మీద కనబడుతుంది. మన ఆలంకారికులు సాత్విక భావాలని ఎనిమిదింటిని చెప్పారు. స్తంభం, స్వేదం, వేపథువు, వైవర్ణ్యం ఆ ఎనిమిదిలోవే. నటుడు ఇష్టపడి తెచ్చుకోలేనివి, లోపలి కలవరం తనంత తానుగా ఒంటి మీదికి పొంగుకొచ్చేవి. బిగుతుగా సాగే ఛేదనలో బ్యాట్స్‌మన్ గ్లవుజు తీసి చేయి తుడుచుకోవడం, క్రీజు బయటికొచ్చి పిచ్‌ను అనవసరంగా బ్యాటుతో తట్టడం, అవతలి బ్యాట్స్‌మన్‌తో మాటల్లేకుండా తలూపడం చూసినప్పుడు ఆ పట్టిక నాకు గుర్తొస్తుంది. అభినయం నేర్చుకోని అభినయం అది.

చివరికి ఇరవై ఒక్కేళ్ల జాన్ స్నో వచ్చి మూడు వికెట్లు తీశాడు. తర్వాతి రోజుల్లో ఇంగ్లండ్‌కి మేటి ఫాస్ట్ బౌలర్ అయి, కవిత్వం కూడా అచ్చువేసుకున్నవాడు ఇతనే. వెలుతురు మందగించింది, జల్లు పడుతోంది. వూస్టర్‌షైర్ వికెట్‌కీపర్ రాయ్ బూత్ ఒంటరిగా నిలబడ్డాడు, ఆఖరి జోడీగా బాబ్ కార్టర్ వచ్చాడు. ఇంకా పది బంతులున్నాయి, గెలవడానికి 15 పరుగులు. కార్టర్ రనౌటయ్యాడు. బూత్ 33తో అజేయంగా మిగిలిపోయాడు. ఆఖరి వికెట్ రనౌట్ కావడంలో ఒక ఔచిత్యం ఉంది. ఆ రోజంతా పరుగు కోసం కట్టిన వలే చివరికి పరుగెత్తేవాణ్ణి పట్టింది.

ససెక్స్ అప్పటికి కౌంటీ చాంపియన్‌షిప్ ఒక్కసారీ గెలవలేదు, 2003 దాకా గెలవబోదు కూడా. అలాంటి జట్టు మొదటి జిల్లెట్ కప్పు గెలిచింది. 1964లో వార్విక్‌షైర్‌ని ఓడించి రెండోదీ గెలిచింది. కొత్త ఆటకు కొత్త బుర్ర కావాలి, పాత హోదా కాదు.

కందం రాసినవాణ్ణే కవి అంటారు మనవాళ్లు. నాలుగు చిన్న పాదాలు, ఎక్కడ ఏ గణం రావాలో, ఎక్కడ రాకూడదో కచ్చితమైన కట్టడి, ప్రాస తప్పకూడదు. ఆ ఇరుకులో కుదిరిన మాట అంత గట్టిగా ఎందుకు నిలుస్తుందో తెలుగు చదువుకున్నవాడికి ఎవరూ చెప్పనక్కర్లేదు. టెస్టు మ్యాచ్‌ను నేను ప్రేమిస్తాను, దాని విస్తారం వేరు. కానీ ఓవర్ల పరిమితి వచ్చాకే ఒక్కో బంతికి బరువు వచ్చింది. టెస్టులో మొదటిరోజు మధ్యాహ్నం వేసిన మెయిడెన్ మామూలు సంగతి. 65 ఓవర్ల ఆటలో మెయిడెన్ అంటే ప్రత్యర్థి సంపదలోంచి ఆరు బంతులు తిరిగి రాకుండా పోవడం. దాని మీద నాకౌట్ అనే రెండో కట్టడి. లీగు పోటీలో ఓడినవాడికి రేపు ఉంటుంది, నెట్ రన్‌రేట్ లెక్కలుంటాయి, ఎవరో ఇంకెవరినో ఓడిస్తే మనకు దారి దొరుకుతుందన్న ఆశ ఉంటుంది. నాకౌట్‌లో ఓడినవాడు సామాను సర్దుకోవాల్సిందే. ఈ రెండు కట్టళ్లూ కలిసిన చోట పుట్టే రసం క్రికెట్‌లో మరోచోట దొరకదు.

ఇంగ్లండ్ పత్రికల్లో ఈ కప్పు గురించి రాసేవాళ్లు ఎక్కువగా చెప్పేది బాదుడు కథలే. 1965 ఫైనల్లో నిదానానికి మారుపేరైన జెఫ్ బాయ్‌కాట్ సర్రేపై 146 కొట్టడం, 1972 ఫైనల్లో క్లైవ్ లాయిడ్ 126. వాటికన్నా పేరుమోసింది 1971 జులై 28 నాటి సెమీఫైనల్. ఓల్డ్ ట్రాఫర్డ్‌లో లాంకాషైర్, గ్లోస్టర్‌షైర్ ఆడాయి. రాత్రి తొమ్మిది కావస్తుంటే చీకట్లో డేవిడ్ హ్యూస్ అనే లాంకాషైర్ ఆటగాడు జాన్ మార్టిమోర్ ఒకే ఓవర్లో 24 పరుగులు పిండి మ్యాచ్ తిప్పేశాడు. వెలుతురు లేదని కెప్టెన్ జాక్ బాండ్ గొణిగితే, అంపైర్ ఆర్థర్ జెప్సన్ ఆకాశంలో చంద్రుణ్ణి చూపించి అది కనబడుతోందిగా, ఇంకెంత దూరం చూడాలంటావని అడిగాడని చెప్పుకుంటారు. ఆ కథ వింటే నాకూ ఒళ్లు పులకరిస్తుంది, అబద్ధమెందుకు. కానీ మనసు మాత్రం బంతి చేతపట్టుకున్న మార్టిమోర్ దగ్గరే ఆగిపోతుంది.

ఇదే హ్యూస్ అయిదేళ్ల తర్వాత మా ఢిల్లీ మనిషికి ఎదురుపడ్డాడు.

బిషన్ సింగ్ బేడీ అమృత్‌సర్‌లో పుట్టి, ఢిల్లీకి వచ్చి, ఢిల్లీ క్రికెట్‌కి వెన్నెముక నిలబెట్టినవాడు. 1978-79, 1979-80ల్లో వరసగా రెండు రంజీ ట్రోఫీలు అతని నాయకత్వంలోనే ఈ నగరానికి వచ్చాయి. 1972 నుంచి 1977 దాకా అతను ఆడిన కౌంటీ నార్తాంప్టన్‌షైర్, అంటే టర్నర్ పెట్టిన తొలి పోటీ గెలిచిన ఆ చిన్న కౌంటీ. నాలుగడుగుల తేలికైన పరుగు, ఒంటి మీద ఎక్కడా బిగువు లేని భుజం తిప్పు, వేళ్లు వదిలాక కూడా బంతి చేతిలోనే ఉందేమో అనిపించే ఆలస్యం. బంతి బ్యాట్స్‌మన్ చూపు కన్నా పైకి లేచి, దగ్గరికొచ్చినట్టు కనబడి, అందకుండా ముందే పడేది. సిక్సర్ కొట్టిన బ్యాట్స్‌మన్‌కి చప్పట్లు కొట్టే బౌలర్ అతను. అలాంటి ఉదారుడు 1975 జూన్ 11న లీడ్స్‌లో, మొదటి ప్రపంచ కప్పులో, తూర్పు ఆఫ్రికాపై వేసిన ఓవర్లలో మాత్రం అణా పైసా విదల్చలేదు. 12 ఓవర్లు, 8 మెయిడెన్లు, 6 పరుగులు, 1 వికెట్.

ఆ అంకెల్ని స్కోరు పుస్తకంలో ఊహించుకోండి. స్కోరర్ ప్రతి ఓవర్‌కీ ఒక చిన్న గడి కేటాయిస్తాడు. పరుగు రాని ప్రతి బంతికీ ఒక చుక్క పెడతాడు, పైన మూడు, కింద మూడు. ఓవరంతా చుక్కలే అయితే పెన్సిలుతో ఆ ఆరింటినీ కలుపుతాడు. ‘ఎం’ అక్షరం వస్తుంది, మెయిడెన్‌కి గుర్తు. అందులో వికెట్ కూడా పడితే అదే చుక్కలను ఇంకో తీరుగా కలిపి ‘డబ్ల్యూ’ చేస్తాడు. చేయి తిరిగిన స్కోరర్ పుస్తకం తిరగేస్తే ఈ చుక్కలూ గీతలూ కలిసి మన సంక్రాంతి వాకిట్లో ముగ్గులా ఉంటాయి. బేడీ వరసలో పన్నెండు గడులుంటే ఎనిమిదింటిలో ముగ్గు పడింది. అదే మ్యాచ్‌లో మన హైదరాబాద్ ఆటగాడు సయ్యద్ ఆబిద్ అలీ 22 పరుగులకు 2 వికెట్లు, అప్పటికే ఢిల్లీవాడైపోయిన మదన్‌లాల్ 15కి 3 తీశారు. భారత్ పది వికెట్లతో గెలిచింది. గవాస్కర్, ఫరూఖ్ ఇంజనీర్ అజేయంగా లక్ష్యం చేరారు. ఇంజనీర్ అప్పటికే లాంకాషైర్ తరఫున జిల్లెట్ కప్పులు గెలిచినవాడు. ఆ ప్రపంచ కప్పు 60 ఓవర్ల కొలత, బౌలర్‌కి 12 ఓవర్ల హద్దు అచ్చంగా జిల్లెట్ కప్పు నుంచి ఎత్తుకొచ్చినవే.

1976 సెప్టెంబరు 4న లార్డ్స్‌లో జిల్లెట్ ఫైనల్. నార్తాంప్టన్‌షైర్ ఎదుట లాంకాషైర్. అంతకుముందు ఆరేళ్లలో నాలుగుసార్లు ఈ కప్పు గెలిచిన జట్టు అది. ముష్తాక్ మొహమ్మద్ కెప్టెన్సీలో నార్తాంప్టన్‌షైర్ బౌలర్లు లాంకాషైర్‌ని ఎంతో బిగించి పట్టుకున్నారు. ఇన్నింగ్స్ ఆఖరి ఓవర్ బేడీకి ఇచ్చారు. అవతల హ్యూస్. ఆ ఓవర్లో 26 పరుగులొచ్చాయి. చంద్రుడి కింద మార్టిమోర్‌కి జరిగిందే పట్టపగలు బేడీకి జరిగింది. కానీ ఆ 26 కలుపుకొని కూడా లాంకాషైర్ 60 ఓవర్లలో చేసింది 195. నార్తాంప్టన్‌షైర్ నాలుగు వికెట్లతో గెలిచింది. ఆ కౌంటీ చరిత్రలో అది మొదటి పెద్ద ట్రోఫీ. అంతకుముందు 59 ఓవర్లు అందరూ కలిసి ఆపిన పరుగులే ఆ ఓవర్‌ను భరించాయి. అదే ఈ ఆటలోని న్యాయం. ఓర్పుగా కూడబెట్టినవాడికి ఒక్క దెబ్బతో దివాలా రాదు.

మన దగ్గర కూడా ఈ తరహా పోటీ ఎక్కువ ఆలస్యం లేకుండానే వచ్చింది. 1973-74లో దేవధర్ ట్రోఫీ మొదలైంది. అయిదు జోన్ల జట్లు, 60 ఓవర్లు, ఓడితే ఇంటికి. తొలి విజేత సౌత్ జోన్. మన హైదరాబాద్ ఆటగాళ్లు ఆడేది ఆ జోన్‌కే, ఢిల్లీ వాళ్లు నార్త్ జోన్‌కి. తర్వాత విల్స్ ట్రోఫీ వచ్చింది. వీటి గురించి మన భాషలో రాసినవాళ్లు తక్కువ, రాయవలసింది ఎంతో ఉంది.

ఢిల్లీ, ససెక్స్, హైదరాబాద్‌ల మధ్య ఇంకో వంతెన ఉంది. ఢిల్లీ నుంచి గురుగ్రామ్ దాటి నైరుతి దిక్కుగా వెళితే పటౌడీ వస్తుంది. మన్సూర్ అలీ ఖాన్ పటౌడీ సమాధి ఉన్న ఊరు. కుర్రతనంలోనే ససెక్స్‌కి ఆడి, 1961లో ఆ కౌంటీ ఊరు హోవ్‌లోనే కారు ప్రమాదంలో కుడికంటి చూపు పోగొట్టుకుని, 1966లో ఆ కౌంటీకే కెప్టెన్ అయ్యాడు. రంజీల్లో ముందు ఢిల్లీకి, తర్వాత ఎం.ఎల్. జైసింహ సారథ్యంలో హైదరాబాద్‌కి ఆడాడు. 1963 ఫైనల్ ఆడిన పదకొండు మందిలో అతను లేడు. భారత్ తరఫున ఒక్క వన్డే కూడా ఆడలేదు. అయినా ఈ వ్యాసంలో అతనికి చోటుండాలి, ఎందుకంటే మైదానంలో పరుగు ఆపడం కూడా గౌరవప్రదమైన పనేనని భారత ఆటగాళ్లకు నేర్పింది అతనే. ఒక్క కంటితో కవర్స్‌లో పులిలా కాపుకాసి, బంతిని ఉరికి అందుకుని విసిరే పటౌడీని చూసినవాళ్లు ఇంకా హైదరాబాద్‌లోనూ ఢిల్లీలోనూ ఉన్నారు. వాళ్ల నోట విన్నప్పుడల్లా నాకు అసూయ పుడుతుంది.

ఇప్పటి ఎన్‌సీఆర్‌లో ఆదివారాలు చూడాలి. గురుగ్రామ్, నోయిడా, ఫరీదాబాద్ శివార్లలో అద్దెకిచ్చే మైదానాలు బోలెడు. కంపెనీల జట్లు, కాలనీల జట్లు, అందులో మన తెలుగు కుర్రాళ్ల జట్లు. చలికాలం పొగమంచు విడిచేదాకా బంతి కనబడదు, టాస్ ఆలస్యమవుతుంది. ఇరవై ఓవర్ల ఆట, అందరికీ బాదాలనే ఉంటుంది. అలాంటి ఒక నాకౌట్ మ్యాచ్‌లో కుర్ర కెప్టెన్ తమ జట్టులో అందరికన్నా పెద్దవాడైన స్పిన్నర్ దగ్గరికి వెళ్లి, “అన్నా, వికెట్లొద్దు, ఈ రెండోవర్లు ఆపితే చాలు” అన్నాడు. ఆయన మాట్లాడలేదు. మిడ్‌వికెట్‌ని గీత దాకా పొమ్మని చేత్తో చూపించాడు, పాయింట్‌ని రెండడుగులు కుడికి జరిపాడు, బంతిని ప్యాంటుకి రుద్ది మొదలుపెట్టాడు. నేను గీత అవతల నిలబడి ఊపిరి బిగబట్టి చూశాను. ఆయనకి ఓక్‌మన్ పేరు తెలిసి ఉండకపోవచ్చు. కానీ ఆ రెండడుగుల జరుపులో డెక్స్టర్ ఆలోచన అరవై ఏళ్లు దాటి చెక్కుచెదరకుండా వచ్చి నిలబడింది.

1983కి వద్దాం. జూన్ 25, లార్డ్స్. భారత్ 54.4 ఓవర్లలో 183 ఆలౌట్. వెస్టిండీస్ 52 ఓవర్లలో 140 ఆలౌట్. తేడా 43. ఆ మ్యాచ్ గురించి రాసినవాళ్లంతా కపిల్‌దేవ్ వెనక్కి పరుగెత్తి పట్టిన వివియన్ రిచర్డ్స్ క్యాచ్ గురించే రాస్తారు, రాయాలి కూడా. ఆ బంతి వేసిన మదన్‌లాల్ 12 ఓవర్లలో 31 పరుగులకు 3 వికెట్లు తీశాడు. మొహిందర్ అమర్‌నాథ్ 7 ఓవర్లు, 12 పరుగులు, 3 వికెట్లు, మ్యాన్ ఆఫ్ ద మ్యాచ్. ఇద్దరూ ఢిల్లీ ఆటగాళ్లే. 1963 నాటి కార్డునూ దీన్నీ పక్కపక్కన పెట్టి చూడండి. అదే మైదానం, రెండు వందలకు తక్కువ స్కోరు, పేరున్న బ్యాటింగ్ వరస, దాన్ని ముక్కముక్కగా ఊడదీసిన మామూలు వేగం బౌలర్లు. జిల్లెట్ కప్పు తొలి ఫైనల్ వేసిన బాణీలోనే భారత్ తన మొదటి ప్రపంచ కప్పు పాడుకుంది. రెండేళ్లు తిరక్కుండానే మా కోట్లా వీధుల్లో పిల్లలంతా అమర్‌నాథ్‌లా నడుచుకుంటూ వచ్చి బంతి వేయడం మొదలుపెట్టారని పాత ఢిల్లీ మిత్రులు చెబుతారు. నడక అనే అనాలి దాన్ని. నిద్రమత్తు వదలని మనిషిలా వచ్చి, బంతిని నెమ్మదిగా వదిలేవాడు. దాన్లో భయపెట్టేదేమీ కనబడదు. కొట్టబోయినవాడికే తెలుస్తుంది, అది తాననుకున్నదాని కన్నా ఒక క్షణం ఆలస్యంగా వచ్చిందని.

అయినా ఇన్నింటిలో ఒక్కటే కళ్లారా చూసే వరం దొరికితే నేను ఆ ఫైనల్ అడగను, 1963నీ అడగను. 1983 ఫైనల్‌కి మూడు రోజుల ముందు, జూన్ 22న, జిల్లెట్ కప్పు తొలి బంతి పడ్డ ఓల్డ్ ట్రాఫర్డ్‌లోనే జరిగిన సెమీఫైనల్ అడుగుతాను. ఇంగ్లండ్ ఓపెనర్లు ఫౌలర్, టవరే ధాటిగా మొదలుపెట్టి 69 దాకా తీసుకెళ్లారు. ఇద్దరినీ రోజర్ బిన్నీ వెనక్కి పంపాక కపిల్ బంతిని ఇద్దరు ఢిల్లీవాళ్లకిచ్చాడు. ఒక కొస నుంచి అమర్‌నాథ్, ఇంకో కొస నుంచి ఆఫ్‌స్పిన్నర్ కీర్తి ఆజాద్. బంతి కిందకు అణిగి వస్తున్న పిచ్. గావర్ వికెట్‌కీపర్‌కి చిక్కాడు, గాటింగ్ బౌల్డ్, లాంబ్ రనౌట్. ఇయాన్ బోథమ్ ఆరు పరుగుల దగ్గర ఉండగా ఆజాద్ బంతి నేలబారుగా దూసుకెళ్లి స్టంప్స్ పడగొట్టింది. అమర్‌నాథ్ 12 ఓవర్లకు 27 పరుగులు, 2 వికెట్లు. ఆజాద్ 12 ఓవర్లకు 28 పరుగులు, 1 వికెట్. ఇద్దరూ తమ వాటా మొత్తం వేసేశారు. 24 ఓవర్లు, 55 పరుగులు. రెండు ప్రపంచ కప్పుల్లో సెమీస్ దాకా వెళ్లి, ఒకసారి ఫైనల్ కూడా ఆడిన జట్టు, సొంత గడ్డ మీద, సొంత జనం ముందు, తామే కనిపెట్టిన ఆటలో అంతసేపు కదల్లేకపోయింది. ఇంగ్లండ్ 60 ఓవర్లలో 213కి ఆలౌటైంది. యశ్‌పాల్ శర్మ 61, సందీప్ పాటిల్ అజేయంగా 51 చేశారు, భారత్ ఇంకా అయిదు ఓవర్లకు పైగా మిగిలి ఉండగానే గెలిచింది. ఆ బ్యాటింగ్ కూడా గొప్పదే. కానీ నేను కూర్చోవాలనుకునేది పిచ్‌కి అడ్డంగా, ఆజాద్ చేయి విడిచిన బంతి దోవ మొదటినుంచి చివరిదాకా కనబడే చోట, ఆ 24 ఓవర్లలో ఒక్కటీ వదలకుండా.